మా గుడిబండ కాంతారావు

మా అవ్వకు ఎన్.టి.రామారావు దేవుడు, కాంతారావు మాత్రం మనవాడు. "వాడిది గుడిబండేరా నాయనా" అనేది. బాగేపల్లిలో పుట్టి పెరిగిన మాకు గుడిబండ అంటే ఒక్కటే గుడిబండ, కొండమీద పాలెగాడి కోట ఉన్నది. వేసవి సెలవుల్లో ఆ కొండెక్కి, కానుగ బరికెలతో కత్తియుద్ధాలు చేసేవాళ్ళం. కాంతారావు కూడా చిన్నప్పుడు ఇక్కడే నేర్చుకుని ఉంటాడని మా నమ్మకం.

1977 ప్రాంతంలో డేరా సినిమాలో నేల టిక్కెట్టు తీసుకుని, ఇసుక కుప్ప చేసుకుని దానిమీద కూర్చుని ‘జ్వాలాద్వీప రహస్యం’ చూశాను. 1965 నాటి బొమ్మ. మా ఊరు చేరేసరికి రీళ్ళమీద గీతలు పడి తెరంతా వాన కురుస్తున్నట్టుండేది. ఆయన కత్తి దూస్తే ఆ వాన కనిపించేది కాదు. చిక్కబళ్ళాపురం హైస్కూల్లో తోటిపిల్లలు రాజ్‌కుమార్ మావాడంటే, మాకూ ఒకడున్నాడు, అదీ పక్క ఊరివాడే అని గొప్పగా చెప్పుకున్నాను.

బి.కాం. చదివేటప్పుడు ఒక పాత పత్రికలో అసలు సంగతి తెలిసింది. 1923 నవంబరు 16న ఆయన పుట్టిన గుడిబండ వేరు. అది అప్పటి నల్లగొండ జిల్లాలో, కోదాడ దగ్గర ఉంది. మనసు చిన్నబోయింది. అవ్వకు మాత్రం చెప్పలేదు.

అయితే ఆయన చేత కత్తి పట్టించిన బి.విఠలాచార్య నిజంగా ఈ రాష్ట్రం వారే. ఉడుపి దగ్గరి ఉద్యావర ఆయన ఊరు. అరసీకెరెలో టూరింగ్ టాకీస్ నడిపి, కన్నడ చిత్రాలు తీసి, ఆ తర్వాత తెలుగుకు వచ్చారు. తెలుగు హీరో మనవాడు కాకపోయినా, తెలుగు జానపదాలు తీసిన కన్నడిగుడు మనవాడయ్యాడు!

కాంతారావు 1953లో హెచ్.ఎం.రెడ్డి తీసిన ‘ప్రతిజ్ఞ’తో కథానాయకుడయ్యారు. రాజనాల ప్రతినాయకుడైందీ అందులోనే. ‘జయవిజయ’ (1959), ‘గురువును మించిన శిష్యుడు’ (1963) వంటివి ఆయనను కత్తివీరుణ్ణి చేశాయి. ‘సీతారామ కల్యాణం’ (1961)లో నారదుడు, ‘లవకుశ’ (1963)లో లక్ష్మణుడు కూడా ఆయనే. జానపదాల గిరాకీ తగ్గాక చిన్న వేషాలకు దిగవలసి వచ్చింది. అంతకుముందే ‘సప్తస్వరాలు’ (1969) వంటి సొంత చిత్రాలు తీసి, ఉన్న ఆస్తి పోగొట్టుకున్నారు. విఠలాచార్య ఒకే సెట్టును పదిరకాలుగా వాడుకుని ఖర్చు తగ్గించేవారని చెప్పుకుంటారు. ఆయనకు తెలిసిన జమాఖర్చు ఈయనకు తెలియలేదు.

జమాఖర్చుల మాట ఎత్తాను కనుక నా సంగతీ చెప్పాలి. 1996లో చింతామణిలో బ్యాంకు ఆఫీసరుగా ఉన్నాను. చుట్టుపక్కల ఊళ్ళలో డేరా నడుపుతున్న ఒక పెద్దాయన కొత్త ప్రొజెక్టరుకు అప్పు కావాలని వచ్చాడు. లెక్కలు చూశాను. రాబడి ఏటేటా తగ్గుతోంది, హామీగా పెట్టడానికి చిరుగుల డేరా తప్ప ఏమీ లేదు. "ఇంటింటా టీవీ వచ్చింది కదండీ" అన్నాను. "కాంతారావు బొమ్మ వేస్తే ఇప్పటికీ జనం వస్తారు సార్" అన్నాడు. అర్జీ తిరస్కరించాను. బ్యాంకు లెక్కన అది సరైన నిర్ణయమే. ఇప్పుడు వచ్చినా అదే చేస్తాను.

2009 మార్చి 22న హైదరాబాదులో కాంతారావు పోయారు. మర్నాడు పేపరులో ఆయన చివరి రోజుల ఇబ్బందులు చదువుతుంటే ఒక ఆలోచన వచ్చింది. సొంత బొమ్మ తీస్తానని ఆయనే కాగితాలు పట్టుకుని నా బల్ల ముందుకు వచ్చి ఉంటే? ఆ కాగితాల మీదా అదే ముక్క రాసి ఉండేవాణ్ణి. అలా రాసి ఉంటే ఆయన ఆస్తి మిగిలేదేమో. ఆ పెద్దాయన విషయంలో మాత్రం అలా సరిపెట్టుకోలేకపోతున్నాను. మరుసటి ఏడాదికే ఆయన డేరా ఎత్తేశాడు.

అవ్వ అంతకు చాలా ముందే పోయింది. కాంతారావుది మన గుడిబండే అనుకుంటూ పోయింది.