ఆహ్వానంలో ఆఖరి వరుస

స్వీడన్‌లో పెద్ద విందుకు పిలుపు వస్తే, కార్డు అడుగున దుస్తుల గురించి ఒక వరుస తప్పకుండా ఉంటుంది. కవాయ్ అని ఉంటే మామూలు కోటు చాలు. మోర్క్ కొస్టీమ్ అంటే ముదురు రంగు సూటు. స్మోకింగ్ అంటే నల్ల బో టై, డిన్నర్ జాకెట్. అన్నిటికన్నా పైమెట్టు హోగ్తీడ్స్‌డ్రెక్ట్. దానికి మగవాళ్లు తెల్ల బో టై, వెనక తోకలున్న నల్ల టెయిల్‌కోటు వేసుకోవాలి, ఆడవాళ్లు నేలను తాకే గౌను వేసుకోవాలి. పేరున్న ప్రొఫెసర్లు కూడా జీన్స్, స్వెటర్లలోనే పాఠాలు చెప్పే దేశం ఇది. అలాంటిచోట సాయంత్రపు విందు దగ్గర ఇంత పట్టింపు ఉంటుందని మనవాళ్లు ఊహించరు.

ఉప్సాలాలో డాక్టరేట్ ప్రదానోత్సవం దగ్గరపడిందంటే మన పిల్లల నుంచి నాకు ఫోన్లు మొదలవుతాయి. పగలు విశ్వవిద్యాలయ భవనంలో ఉత్సవం, బయట ఫిరంగుల మోత, రాత్రి కోటలో విందు. అంతటికీ ఆ పైమెట్టు దుస్తులే. “అక్కా, టెయిల్‌కోటు అద్దెకు తెచ్చుకోవాలా, అమ్మ పంపిన పట్టుపంచె కట్టుకోవచ్చా?” అని అడుగుతారు. నిక్షేపంగా కట్టుకో నాన్నా అంటాను. ఈ మాట ఊరికే ధైర్యం చెప్పడానికి అనడం లేదు. స్వీడన్ వాళ్ల మర్యాదలోనే దానికి చోటుంది.

ఇక్కడ డాలర్నా ప్రాంతంలో ఊరూరికీ తనదైన సంప్రదాయ వేషం ఉంది. లెక్సాండ్ ఆడవాళ్లు ఏ పండగకు ఏ రంగు ఏప్రాన్ కట్టాలో చర్చి క్యాలెండర్‌ను బట్టి నిర్ణయిస్తారు. 1903లో మెర్టా యోర్గెన్సెన్ అనే ఆవిడ రూపొందించిన నీలం, పసుపు రంగుల దుస్తులు ఇప్పుడు దేశానికంతటికీ సంప్రదాయ వేషం. జూన్ 6న జాతీయ దినోత్సవం నాడు సిల్వియా రాణి వాటిలోనే కనిపిస్తారు. టెయిల్‌కోటు అడిగిన సభకు ఈ ఊరి వేషాల్లో వెళ్లినా ఎవరూ తప్పుపట్టరు. రెండూ సమానమే. మన చీరకూ పంచెకూ దొరికే గౌరవం ఈ నియమం వల్ల వచ్చినదే.

డిసెంబరు 10 నాటి నోబెల్ ఉత్సవంలో కూడా ఇదే పద్ధతి. 1968లో రచయిత కవబాతా జపాను సంప్రదాయ దుస్తుల్లోనే బహుమతి అందుకున్నారు. 2019లో ఆర్థికవేత్త అభిజిత్ బెనర్జీ పంచె మీద బంద్‌గలా కోటు వేసుకున్నారు, ఆయన భార్య ఎస్తేర్ డుఫ్లో చీర కట్టుకున్నారు. ఆ సాయంత్రం టీవీ ముందు కూర్చున్న నాకు గొప్ప సంతోషం కలిగింది. ఆ ఇద్దరూ వేసుకున్నవి సభ స్థాయికి ఏమాత్రం తగ్గలేదు. నేను పిల్లలకు చెప్పేదీ అదే. మన బట్టలకు అనుమతి ఉంది కదా అని సడలింపు తీసుకోకూడదు. టెయిల్‌కోటు వేసుకునేవాడు ఎంత శ్రద్ధ పెడతాడో మనమూ అంత పెట్టాలి.

చీరకు ఇక్కడ మొదటి చిక్కు చలికాలం. డిసెంబరులో స్టాక్‌హోమ్‌లో మధ్యాహ్నం మూడు కాకముందే పొద్దు గుంకుతుంది. కాలిబాట మీద మంచు కరిగి బురదవుతుంది, జారకుండా చల్లిన సన్నకంకర అందులో కలుస్తుంది. పట్టు అంచు దాన్ని తాకితే ఇక అంతే. నేను కుచ్చిళ్లు పిక్కల దాకా ఎత్తి నడుము దగ్గర దోపి, పైన పొడవాటి ఉన్ని కోటు వేసి, మంచు బూట్లతో బయల్దేరతాను. లంగా కింద ఉన్ని లెగ్గింగ్స్, చేతిసంచిలో మడమల చెప్పులు. స్వీడిష్ ఆడవాళ్లు కూడా కోట్లు తగిలించే చోట బెంచీ మీద కూర్చుని బూట్లు విప్పి చెప్పులు మార్చుకుంటారు, కాబట్టి మొహమాటం అక్కర్లేదు. చీర కట్టేటప్పుడు మాత్రం ఆ రాత్రి వేసుకోబోయే చెప్పులే కాళ్లకు ఉండాలి. లేకపోతే లోపలికి వెళ్లాక అంచు చీలమండ దగ్గరే ఆగిపోతుంది. నేలను తాకే పొడవే ఇక్కడ అసలు షరతు.

పైట ఒంటిపొరగా జారవిడిస్తే మన పెళ్లిళ్లలో ఎంతో అందం. ఇక్కడ వద్దు. నోబెల్ విందులో ఒక్కో అతిథికి బల్ల దగ్గర దక్కేది 60 సెంటీమీటర్ల చోటు. చిన్న విందుల్లోనూ మోచేతులు తగులుతూనే ఉంటాయి, పైగా బల్ల నిండా కొవ్వొత్తులు. మడతలు పెట్టి భుజం దగ్గర గట్టిగా పిన్ను పెట్టుకోవాల్సిందే. నూలు ఒడలికి పట్టు అంచున్న గద్వాల చీర స్మోకింగ్ స్థాయికి నిండుగా సరిపోతుంది. పైమెట్టుకు పూర్తి పట్టే కావాలి, ధర్మవరమో ఉప్పాడో. ఇక్కడి రాత్రి విందుల్లో ఎటుచూసినా నలుపే, మా అమ్మ మాత్రం “శుభమా అని పండగకు పిలిస్తే నలుపేమిటే” అంటుంది. అమ్మ మాట నాకూ ఇష్టమే. ముదురు నేరేడు రంగు, నెమలికంఠం రంగు కొవ్వొత్తుల వెలుగులో నలుపుకన్నా నిండుగా కనిపిస్తాయి.

మగపిల్లలకు చెప్పేది తక్కువే. పట్టు లాల్చీ ఒక్కటే చాలదు, పైన కోటు ఉండాలి. జరీ అంచు పంచె గోచీ పోసి కట్టి, మెడ దాకా గుండీలున్న నల్ల ఉన్ని బంద్‌గలా వేసి, కండువా మడతపెట్టి భుజాన వేసుకుంటే దర్జాగా ఉంటుంది. కాళ్లకు మెరుగుపెట్టిన నల్ల తోలు బూట్లు. రాళ్లు, చమ్కీలు కుట్టిన పెళ్లి షేర్వానీ మాత్రం వద్దు. అందరూ నలుపూ తెలుపూ వేసుకున్న సభలో ఒక్కరే తళతళలాడటం మర్యాద కాదని నా నమ్మకం.

ఈ చలికాలం మీకూ అలాంటి కార్డు వస్తే ముందు ఆఖరి వరుస చదవండి. అనుమానం ఉంటే పిలిచినవాళ్లనే అడగండి, సంతోషంగా చెబుతారు. బీరువాలో పట్టుచీర ఉన్నవాళ్లు గౌనుకు డబ్బు పోయొద్దు. వారం ముందే ఆ చీర తీసి, ఫాల్ ఊడిందేమో చూసుకుని, ఇస్త్రీ చేసి పెట్టుకోండి.