మిర్చి కూలి, నాలుగు పుస్తకాలు

పోస్టు కొంచెం పెద్దగా ఉంటది. ఈ ఏడు డిగ్రీలో చేరిన తమ్ముళ్లు, చెల్లెళ్లు చివరిదాకా చదవండి.

మేము హాస్టల్లో ఒకే రూంలో నలుగురం. చర్ల, దుమ్ముగూడెం వైపు అడవి పల్లెల నుంచి వచ్చినోళ్లం. మా ఇళ్లల్లో కాలేజీ గడప తొక్కింది ముందు మేమే. ఏ పుస్తకం కొనాలో, ఏది కొనకపోయినా నడుస్తదో చెప్పే అన్న గానీ అక్క గానీ మాకు లేరు.

ఈ సెమిస్టర్ పుస్తకాల లెక్క వేస్తే 1,800 రూపాయలు దాటింది. మాలో ఒకడు ఇంటికి ఫోన్ చేసిండు. వాళ్లమ్మ మిర్చి ఏరడానికి పోయి ఉంది. "ఇంకో వారం ఉండి ఏరి పంపిస్తలే బిడ్డా" అన్నది. ఫోన్ పెట్టేసి వాడు బ్యాగు సర్దుకున్నడు, నేను కూడా మిర్చికే పోత అని. అట్లా పోయి మళ్లీ రానోళ్లని మనందరం చూసినం. రెండు రోజులు ఆగమని బతిమాలినం.

మొదట టెలిగ్రాంలో ఎవరో పెట్టిన పీడీఎఫ్ దించినం. సగం పేజీలు లేవు, సిలబస్ పాతది. పైగా అది ఒకరి కష్టాన్ని అడక్కుండా తీసుకోవడమే. ఇప్పపువ్వు ఏరేటప్పుడు కూడా ఎవరి చెట్టు కింద వాళ్లే ఏరుకుంటరు కదా.

తర్వాత ఒక లైబ్రరీ సార్‌ని అడిగినం. ఆయన చెప్పినవి, మేము వెతికినవి ఇవి.

ఎన్‌సీఈఆర్‌టీ 11, 12 తరగతుల రాజనీతిశాస్త్రం, చరిత్ర పుస్తకాలు వాళ్ల వెబ్‌సైట్లోనే ఉచితం. డిగ్రీ పాఠాలకి పునాది అవే. ఇంగ్లీషు కష్టమైతే తెలంగాణ ఎస్‌సీఈఆర్‌టీ వాళ్ల 8వ తరగతి ద్విభాషా పుస్తకం తెరవండి. ఒక పేజీ తెలుగు, పక్క పేజీ ఇంగ్లీషు. మేము మొదట సిగ్గుపడ్డం, కానీ సగం మాటలు అక్కడే అర్థమైనయి.

ఇగ్నో పాఠాలు ఈజ్ఞానకోశ్‌లో ఉంటయి. స్వయంలో కోర్సు చేరడం ఉచితం, సర్టిఫికెట్ కావాలంటేనే పరీక్ష ఫీజు. పాత తెలుగు పుస్తకాలకి వికీసోర్స్ చూడండి. మన చట్టంలో రచయిత పోయి 60 ఏళ్లు దాటితే ఆ పుస్తకం అందరిది.

పాఠానికి కావాల్సిన పేజీల జిరాక్స్ గురించి భయపడకండి. చదువు అవసరం మేరకు తీసుకోవచ్చని 2016లో ఢిల్లీ హైకోర్టు రామేశ్వరి ఫోటోకాపీ కేసులో చెప్పింది.

శాఖా గ్రంథాలయానికి కూడా పోండి. ఇంటి పన్నులో రూపాయికి 8 పైసలు గ్రంథాలయ పన్ను కడుతున్నం. అది మనది.

ఒక్క మాట. ఊళ్లో సిగ్నల్ కోసం గుట్ట ఎక్కాలి కాబట్టి, సెలవులకి పోయే ముందే అన్నీ ఫోన్లో దించుకోండి.

చివరికి మేము కొన్నది ఒక్కటే పుస్తకం, నలుగురం కలిసి 320 రూపాయలకి. ఆ రాత్రి వాడు మళ్లీ ఫోన్ చేసిండు. "అమ్మా, ఆ వారం ఉండొద్దు. ఇంటికి పో."

బ్యాగు మంచం కిందకి పోయింది. మీ సబ్జెక్టు ఏందో చెప్పండి, కలిసి వెతుకుదాం.

జై ఆదివాసీ.