ఆకాశ కుసుమం

శ్రీలంక అంటే నాకు జయసూర్యా, మురళీధరనే. ఓ శనివారం రాత్రి, బిల్డ్ అయ్యేలోపు కాలక్షేపానికి 'నిధానయ' అనే సింహళ సినిమా పెట్టా. పేరు చూసి నిధానంగా సాగుతుందేమో అనుకున్నా. తీరా చూస్తే ఆ మాటకి అర్థం నిధి అట!

నిధి దక్కాలంటే మెడ మీద నాలుగు పుట్టుమచ్చలున్న ఆడదాన్ని బలివ్వాలి. హీరో అలాంటి అమ్మాయిని వెతికి మరీ పెళ్ళాడతాడు. పాపం, ఆమెకి మొగుడంటే ప్రాణం. "వెళ్ళకు తల్లీ" అని అరవాలనిపించింది. బిల్డ్ ఎప్పుడు ఫెయిలయిందో చూసుకోలేదు.

ఆ అమ్మాయి మాలినీ ఫొన్సేకా. 1947లో పుట్టింది. 1968లో 'పుంచి బబా'తో మొదలుపెట్టింది. లెస్టర్ జేమ్స్ పీరిస్ తీసిన 'నిధానయ' 1972లో విడుదలయ్యేనాటికి పాతికేళ్ళు. 1975లో మాస్కో ఫెస్టివల్లో జ్యూరీ ప్రత్యేక బహుమతి. 1978లో మన శివాజీ గణేశన్ పక్కన 'పైలట్ ప్రేమ్‌నాథ్' అనే తమిళ సినిమాలో కూడా చేసింది. 1984 నుంచి డైరెక్షన్. మన సావిత్రి గుర్తొచ్చింది.

అసలు సంగతి 2008 నాటి 'ఆకాశ కుసుమ్'. ప్రసన్న వితానగే తీశాడు. ఈ పేరుకి మనకి డిక్షనరీ అక్కర్లేదు! ఒకప్పటి స్టార్ సంధ్యారాణి, ఇప్పుడు కుర్ర నటులకి రహస్యంగా గది అద్దెకిచ్చి బతుకుతుంటుంది. ఎప్పుడో వదిలేసిన కూతురి గతం వెంటాడుతుంటుంది. ఆ వేషం వేసేనాటికి మాలినికి అరవై దాటాయి. ఆ వయసులో మన దగ్గర హీరోకి అమ్మ వేషమో, బామ్మ వేషమో ఇస్తారు. ఇక్కడ కథంతా ఆవిడదే.

ఈ సినిమా నన్నెందుకు పట్టేసిందంటే, మొన్న అప్రైజల్లో మా మేనేజర్ "మీరింకా కోడింగేనా?" అన్నాడు. నాకు నలభై ఆరు. నవ్వేసి బయటికొచ్చా గానీ రాత్రంతా నిద్ర పట్టలేదు. ఈ లైన్లో నా గడువు అయిపోయిందా అని.

మాలిని వయసు దాచుకోలేదు. జనం మర్చిపోయిన హీరోయిన్ వేషంలో, తన ముడతల్నే కెమెరా ముందు పెట్టింది. నేనేమో పాతికేళ్ళ అనుభవాన్ని రెజ్యూమెలో పన్నెండుకి కుదించేద్దామా అని చూస్తున్నా!

2025 మే 24న ఆవిడ పోయారు. ప్రభుత్వ లాంఛనాలతో సాగనంపారు. దొరికితే ముందు 'నిధానయ' చూడండి, తర్వాత 'ఆకాశ కుసుమ్'. మధ్యలో ముప్పై ఆరేళ్ళు. మొహం మారింది, పని మారలేదు.

రెజ్యూమె మాత్రం మార్చట్లేదు. పాతికేళ్ళూ అలాగే ఉంచేశా.