మెట్‌పల్లి అటక మీద గొంతులు

ఆర్మూరు నుంచి జగిత్యాల వైపు 63వ నంబరు జాతీయ రహదారి మీద వెళ్తుంటే, కోరుట్లకు ముందే పలకరించే ఊరు మెట్‌పల్లి. పేరు వినగానే ఖద్దరు గుర్తొస్తుంది. కానీ ఈ చుట్టుపక్కల ఇళ్లలో అటక దించితే ఇంకో సంపద కూడా దొరుకుతుంది. అవే పాత క్యాసెట్లు!

బతుకుదెరువుకు దుబాయ్, మస్కట్, సౌదీ పోయినోళ్లు సెలవులకొస్తూ తెచ్చిన అపురూప వస్తువు టూ ఇన్ వన్. ఫోను మాట ఖరీదైన రోజులవి. చదువు రాని తల్లికి ఉత్తరం రాసేకన్నా మాటల్నే క్యాసెట్‌లో నింపి, ఊరికొచ్చే వాళ్ల చేతికిచ్చి పంపడం తేలిక. జవాబూ అలాగే వెళ్లేది... పిల్లల మాటలు, ఇంటి ముచ్చట్లు, మధ్యలో కోడి కూత!

అదే పెట్టెలో పాటలూ మోగేవి. మల్లన్న, ఎల్లమ్మల ఒగ్గుకథలు, గద్దర్ (1949-2023) పాటలు క్యాసెట్లుగా పల్లెపల్లెకూ చేరాయి. ఒకరి దగ్గరున్నది ఇంకొకరు కాపీ చేసుకునేవారు. 1977లో ఇంగ్లండ్‌లోని మాంచెస్టర్‌లో బజ్‌కాక్స్ అనే పంక్ రాక్ బృందం పెద్ద కంపెనీల కోసం చూడకుండా, అప్పు తెచ్చిన డబ్బుతో నాలుగు పాటల 'స్పైరల్ స్క్రాచ్' రికార్డును సొంతంగా వేసుకుంది. ఆర్భాటం లేని రికార్డింగు, సూటి గొంతు... ఊళ్లు వేరైనా తోవ ఒకటే!

కాపీకి కాపీ తీసిన కొద్దీ క్యాసెట్‌లో 'స్‌స్...' మోత పెరిగేది. 1982లో వచ్చిన సీడీ ఆ బాధ తీర్చింది. సెకనుకు 44,100 సార్లు శబ్దాన్ని కొలిచి అంకెలుగా రాస్తుంది. ఎన్ని కాపీలు తీసినా అంకెలు మారవు. అయిదు నిమిషాల పాటకు 50 ఎంబీకి పైగా చోటు కావాలి. 128 కేబీపీఎస్ ఎంపీత్రీలో అది 5 ఎంబీ లోపే! చెవి పెద్దగా పట్టించుకోని శబ్దాలను తీసేయడమే ఆ కిటుకు. మరీ కుదిస్తే మాత్రం డోలు దెబ్బలో పదును పోతుంది, తాళాల మోత తడిసిన గుడ్డలా మెత్తబడుతుంది. తీసేసింది మళ్లీ రాదు.

అందుకే అటక మీది క్యాసెట్‌ను కంప్యూటర్‌లోకి ఎక్కించేటప్పుడు ముందు 'వేవ్' ఫైలుగా దాచాలి. ఫోన్లో పంపుకోవడానికి దాన్నుంచి ఎంపీత్రీ చేసుకోవచ్చు. టేపు హెడ్‌ను శుభ్రం చేయాలి. రికార్డింగు స్థాయి మరీ పెంచితే గొంతు పగిలిపోతుంది. రీలుకు బూజు పడితే ప్లేయర్లో పెట్టకుండా తెలిసినవారికి చూపించాలి. ఫైళ్లు రెండు చోట్ల ఉంచుకోవాలి.

గద్దర్ పాట ఇంకో ఇంట్లోనైనా దొరుకుతుంది. ఎడారి నుంచి 'అవ్వా, మంచిగున్న' అని నాన్న పంపిన మాటకు మాత్రం ఆ ఒక్క క్యాసెట్టే దిక్కు. ఈ ఆదివారం ఓసారి మీ ఇంట్లోనూ అటక దించి చూడండి!