ఇంజిన్‌కు కౌలా, పాలా?

2023 సెప్టెంబర్ 12న యూనిటీ సంస్థ ఒక ప్రకటన చేసింది. తమ ఇంజిన్‌తో తయారైన గేమ్‌ను జనం ఇన్‌స్టాల్ చేసుకున్న కొద్దీ, దాన్ని తయారుచేసినవాళ్లు తలకింత చొప్పున రుసుము కట్టాలని దాని సారాంశం. 2024 జనవరి 1 నుంచి అమలన్నారు. ఏడాదిలో 2 లక్షల డాలర్ల ఆదాయం, మొత్తం 2 లక్షల ఇన్‌స్టాల్స్, రెండూ దాటిన గేమ్‌లకే ఇది వర్తిస్తుందన్నారు. అయినా ప్రపంచమంతటా చిన్న డెవలపర్లు భగ్గుమన్నారు. నల్లగొండలో ఒక అద్దె గదిలో మొదటి గేమ్‌కు ఖర్చులు లెక్క వేసుకుంటున్న ఈ వ్యాసకర్త కూడా ఆ వారం తన పద్దుల పుస్తకం మళ్లీ తెరిచాడు.

ఇంజిన్ సంగతి కొంచెం చెప్పుకోవాలి. తెర మీద బొమ్మ కదలడం, బంతి నేలకు తగిలి ఎగరడం, వెలుగునీడలు, శబ్దం ఏ గేమ్‌కైనా కావాల్సినవే. వాటిని మొదటినుంచి రాసుకోవాలంటే ఏళ్లు పడుతుంది. కనుక ఎవరో సిద్ధం చేసిపెట్టిన సాఫ్ట్‌వేర్ మీద గేమ్ కడతారు. అది వాడుకోవడానికి యజమాని పెట్టే షరతులే లైసెన్స్.

ఈ సంగతంతా విన్న వ్యాసకర్త తండ్రి, బోరు కింద సేద్యం చేసే మనిషి, రెండే ప్రశ్నలు వేశాడు. “కౌలుకిస్తరా, పాలుకిస్తరా బిడ్డా?” అన్నది మొదటిది. “ఒప్పుకున్నంక మాట మారుస్తే ఎవర్ని అడుగుతవు?” అన్నది రెండోది. ఏ లైసెన్స్‌ను చదవాలన్నా ఈ రెండు ప్రశ్నలు చాలు.

కౌలంటే పంట పండినా ఎండినా కట్టాల్సిందే. యూనిటీ ప్రో అలాంటిది. 2025లో దాని ధర ఒక్కో మనిషికి ఏడాదికి 2,200 డాలర్లు. డాలరు 90 రూపాయలనుకుంటే దాదాపు 2 లక్షలు. అయితే ఏడాది ఆదాయం 2 లక్షల డాలర్లు, అంటే కోటీ 80 లక్షల రూపాయలు దాటనంతవరకు ఉచిత పర్సనల్ లైసెన్సే సరిపోతుంది. ఎపిక్ సంస్థ వారి అన్‌రియల్ ఇంజిన్‌ది పాలు, అంటే పండినదాంట్లో వాటా. అందులోనూ ఒక గేమ్ మొత్తం మీద 10 లక్షల డాలర్లు ఆర్జించేదాకా ఏమీ అడగరు. ఆ పైన వచ్చేదాంట్లో నూటికి 5. ఇక గోడో ఇంజిన్‌కు కౌలూ లేదు, పాలూ లేదు. అర్జెంటీనాకు చెందిన జువాన్ లినియెట్‌స్కీ, ఏరియల్ మంజూర్ మొదలుపెట్టిన ఈ ఇంజిన్ కోడ్‌ను 2014లో ఎంఐటీ లైసెన్స్ కింద అందరికీ వదిలేశారు. గేమ్‌తోపాటు ఆ లైసెన్స్ పాఠం జతచేస్తే చాలు.

అంటే చిన్నవాడి దగ్గర ఈ మూడింటిలో ఏదీ ఇవాళ రూపాయి తీసుకోదు.

అయినా 2023లో అంత కోపం ఎందుకొచ్చిందో లెక్క వేస్తే తెలుస్తుంది. ఉచిత లైసెన్స్ వాడేవాళ్లకు ఒక్కో ఇన్‌స్టాల్‌కు 20 సెంట్లన్నారు, ఇండియా లాంటి దేశాల్లో 2 సెంట్లన్నారు. తక్కువే అనిపిస్తుంది. కానీ మన దగ్గర మొబైల్ గేమ్‌ను లక్షల మంది ఉచితంగా దించుకుంటారు, డబ్బు పెట్టేవాళ్లు బహు కొద్దిమంది. ఆదాయం 2 లక్షల డాలర్లను కాస్త దాటి, ఆ తర్వాత ఇంకో 48 లక్షల ఇన్‌స్టాల్స్ వచ్చాయనుకుందాం. అన్నీ ఇండియావే అయినా 96 వేల డాలర్లు కట్టాలి. దాదాపు సగం రాబడి! ప్రో కొనుక్కుంటే ఆ గీత 10 లక్షల డాలర్లకు జరిగేది నిజమే. కానీ పంటను కాకుండా, పొలం చూడటానికి వచ్చినవాళ్లను లెక్కపెట్టి కౌలు అడిగితే ఏ రైతు ఒప్పుకుంటాడు?

యూనిటీ పది రోజుల్లో వెనక్కి తగ్గింది. ఉచిత లైసెన్స్‌ను ఆ రుసుము నుంచి తప్పించింది, పెద్ద గేమ్‌లకు రాబడిలో రెండున్నర శాతం గరిష్ఠమంది. అక్టోబర్‌లో సీఈఓ జాన్ రిచిటెల్లో పదవి వదిలారు. 2024 సెప్టెంబర్‌లో కొత్త సీఈఓ మాట్ బ్రోంబర్గ్ గేమ్‌లపై ఆ రుసుమునే రద్దు చేశారు. వాళ్లు దిద్దుకున్నది మెచ్చదగిందే. కానీ తండ్రి అడిగిన రెండో ప్రశ్న మాత్రం వ్యాసకర్త మనసులోంచి పోలేదు. ఏళ్ల తరబడి కట్టే గేమ్‌కు శాతం ఎంతన్నదానికన్నా, షరతులు మధ్యలో మారతాయా అన్నదే పెద్ద ప్రశ్న. అందుకే గోడో ఎంచుకున్నాడు. ఒకసారి ఎంఐటీ లైసెన్స్ కింద చేతికొచ్చిన కోడ్‌ను తర్వాత ఎవరూ వెనక్కి తీసుకోలేరు. ‘స్లే ద స్పైర్’ తయారుచేసిన మెగా క్రిట్ లాంటి పేరున్న స్టూడియో కూడా రెండో భాగానికి యూనిటీని వదిలి గోడోకు మారింది. టెరేరియా గేమ్ వాళ్లు గోడోకు లక్ష డాలర్ల విరాళమిచ్చారు. గోడోకూ ఇబ్బందులున్నాయి. ప్లేస్టేషన్ లాంటి కన్సోల్‌కు గేమ్ తేవాలంటే సాధారణంగా వేరే సంస్థ సాయం తీసుకోవాలి. ఉద్యోగమే లక్ష్యమైతే యూనిటీనో అన్‌రియల్‌నో నేర్చుకోవడమే మేలని వ్యాసకర్త అభిప్రాయం.

అసలు డబ్బు పోయే దారులు ఇంజిన్ దగ్గర లేవు. స్టీమ్ అనే ఆన్‌లైన్ దుకాణంలో గేమ్ పెట్టడానికి మొదట 100 డాలర్లు, ఆ తర్వాత అమ్మకంలో నూటికి 30. అన్‌రియల్‌తో చేసిన గేమ్ ఒకటి స్టీమ్‌లో 12 లక్షల డాలర్లకు అమ్ముడైందంటే ఇంజిన్‌కు వెళ్లేది 10 వేలు, దుకాణానికి వెళ్లేది 3 లక్షల 60 వేలు. పైగా ఇంజిన్ పాలును దుకాణం కోత పోకముందున్న మొత్తం మీద లెక్కిస్తారు. గూగుల్ ప్లేలో నమోదుకు ఒకసారి 25 డాలర్లు, ఏడాదికి మొదటి 10 లక్షల డాలర్ల మీద 15 శాతం. ఆపిల్‌కు ఏటా 99 డాలర్లు. స్టీమ్‌లో పన్ను ఫారం నింపేటప్పుడు పాన్ నంబరిచ్చి భారత్, అమెరికాల మధ్య ఉన్న పన్ను ఒప్పందాన్ని వాడుకోకపోతే, అమెరికా అమ్మకాల రాబడిలో 15 శాతం పోయేచోట 30 శాతం పోతుంది. హైదరాబాద్‌కు చెందిన ఓగర్ హెడ్ స్టూడియో 2017లో ‘అసుర’ను స్టీమ్‌లో విడుదల చేసింది. అలా మనవాళ్లు ప్రపంచానికి అమ్మే రోజుల్లో ఈ ఒక్క ఫారం విలువ చాలా ఎక్కువ.

అన్నిటికన్నా భయపడాల్సింది మాత్రం మిత్తికి. నల్లగొండలోనైనా పాలమూరులోనైనా చేతి అప్పు దొరికేది సాధారణంగా నూటికి నెలకు రెండు రూపాయల లెక్కనే. మంచి కంప్యూటర్ కోసం 2 లక్షలు తెస్తే నెలకు 4 వేలు, ఏడాదికి 48 వేలు మిత్తి. గేమ్ అమ్మినా అమ్మకపోయినా ఆగదు. ఇంజిన్‌కు 5 శాతమా అని ఉలిక్కిపడే కుర్రాళ్లు ఏడాదికి 24 శాతాన్ని మామూలుగా ఒప్పుకుంటారు. వ్యాసకర్త అప్పు చేయలేదు. బయటి స్టూడియోలకు పని చేసిపెట్టి, ఆ డబ్బుతో పాత కంప్యూటర్‌కే మెమరీ వేయించుకున్నాడు. దాని శక్తికి తగ్గట్టు చిన్న గేమ్‌నే మొదలుపెట్టాడు. దుకాణాల నుంచి వచ్చే డబ్బుకు వేరే బ్యాంకు ఖాతా తెరిచాడు. పన్నుల వాటా పక్కకు తీశాకే మిగిలింది ఇంటి ఖర్చుకు వస్తుంది.

యూనిటీ గొడవ జరిగిన 2023లోనే మహబూబ్‌నగర్ దగ్గర దివిటిపల్లిలో, నల్లగొండలో ఐటీ టవర్లు ప్రారంభమయ్యాయి. పాలమూరు యూనివర్సిటీ, నల్లగొండ మహాత్మాగాంధీ యూనివర్సిటీల్లో కంప్యూటర్ కోర్సులు చదివేవాళ్లు ఎందరో. వాళ్ల అధ్యాపకులకు ఒక విన్నపం. పిల్లలకు కోడ్ రాయడం నేర్పే చోటే ఒక లైసెన్స్‌ను మొదటి వాక్యం నుంచి చివరిదాకా కూర్చోబెట్టి చదివించండి. గేమ్ మొదలుపెట్టిన రోజున ఉన్న షరతుల ప్రతిని తేదీతో సహా దాచుకోమని చెప్పండి.