సీకే పల్లి కొండల్లో 1300 కోట్ల ఏళ్ల వెనక్కి

అనంతపురం వైపు ట్రిప్ అంటే అందరూ చెప్పే పేర్లు తెలిసినవే. లేపాక్షి, తిమ్మమ్మ మర్రిమాను, పెనుకొండ కోట. నేను మాత్రం చూడ్డానికి పెద్దగా ఏమీ లేని ఒక చోటు కోసం బయల్దేరాను. టైమ్ మెషీన్ సినిమాల పిచ్చి ఉన్నవాళ్లకు ఈ ఊరి గురించి ఎవరూ చెప్పరెందుకో!

ఊరి పేరు చెన్నేకొత్తపల్లి. అందరూ సీకే పల్లి అంటారు. 2022 దాకా అనంతపురం జిల్లా, ఇప్పుడు శ్రీ సత్యసాయి జిల్లా. ఆటో ఆపితే పెద్దాయన అడిగాడు.

"యాడికప్పా?"

"టింబక్టు కలెక్టివ్‌కన్నా."

"ఫోన్ చేసుకునేదుంటే ఈడే చేసుకో నాయనా. లోపల సిగ్నల్ ఒక తావ వస్తాది, ఒక తావ రాదు."

నాకు నవ్వొచ్చింది. నేనొచ్చిందే ఆ సిగ్నల్ లేకపోవడం కోసం.

దారంతా ఎర్రమట్టి, గుండ్రాళ్ల గుట్టలు, వాన కోసం చూస్తున్న వేరుశనగ చేలు. దేశంలో వాన బాగా తక్కువ పడే జిల్లాల్లో అనంతపురం ఒకటి. ఏడాదికి సుమారు 550 మిల్లీమీటర్లు, అదీ పడితే. అలాంటి నేలలో 1990లో 32 ఎకరాల బీడు తీసుకుని, చెట్లు మొలిపించి, చుట్టుపక్కల ఊళ్లతో కలిసి పనిచేస్తూ పెరిగిన సంస్థ టింబక్టు కలెక్టివ్. చిరుధాన్యాలు, మహిళల పొదుపు సంఘాలు వాళ్ల పని. వాళ్ల కథ వేరే రాయాలి. నన్ను రప్పించింది వాళ్ల దగ్గరకొచ్చిన అతిథి.

పేరు సారస్. బెంగళూరులో సి.వి.రామన్ 1948లో పెట్టిన రామన్ రీసెర్చ్ ఇన్‌స్టిట్యూట్ వాళ్ల రేడియో పరికరం. ఒక పళ్లెం మీద గోళం నిలబెట్టినట్టుండే యాంటెన్నా. దాని రెండో వెర్షన్‌ను, అంటే సారస్ 2ను, ఇక్కడ పెట్టి రాత్రిపూట ఆకాశాన్ని విన్నారు. పనికొచ్చే డేటా 63 గంటలు. ఆ ఫలితాలు 2017, 2018ల్లో ప్రచురించారు.

ఏం విన్నారు? హైడ్రోజన్‌ను. విశ్వమంతా నిండిన హైడ్రోజన్ పరమాణువు 21 సెంటీమీటర్ల రేడియో అలను వదులుతుంది. ఫ్రీక్వెన్సీ 1420 మెగాహెర్ట్జ్. మొదటి నక్షత్రాలు వెలిగి, వాటి వేడికి చుట్టూ ఉన్న వాయువు మారుతున్న కాలంలో బయల్దేరిన అలలు ఇప్పుడు మన దగ్గరికొస్తున్నాయి. దారిలో విశ్వం సాగింది, దాంతో పాటు అవీ సాగాయి. సారస్ 2 ఫలితాలు 110 నుంచి 200 మెగాహెర్ట్జ్ మధ్యవి. అంటే మన దాకా వచ్చేసరికి ఆ 21 సెంటీమీటర్ల అల మనిషంత పొడవో, ఇంకా ఎక్కువో అయింది. బయల్దేరినప్పుడు విశ్వం వయసు దాదాపు 40 నుంచి 90 కోట్ల ఏళ్లు. ఇప్పుడు 1380 కోట్లు.

ఇందులో నన్ను రెండు రోజులు నిద్రపోనివ్వని విషయం ఒకటుంది. అల సాగితే కాలం కూడా సాగినట్టే. 200 మెగాహెర్ట్జ్ దగ్గర వింటే అక్కడి ఒక సెకను మనకు ఏడు సెకన్లుగా అందుతుంది. 110 దగ్గర దాదాపు పదమూడు. అది మన గడియారం తప్పు కాదు, అక్కడివాళ్ల గడియారం తప్పూ కాదు. రెండూ నిజమే. స్లో మోషన్ అనుకోండి, కానీ ఏ ఎడిటరూ చేయలేదు.

ఇక్కడే ఎందుకు పెట్టారన్నది అసలు సంగతి. ఆ సిగ్నల్ ఎంత చిన్నదంటే, మన గెలాక్సీ నుంచి వచ్చే రేడియో హోరులో సుమారు పదివేలో వంతు. పైగా మన ఎఫ్ఎం స్టేషన్లు 88 నుంచి 108 దాకా పక్కనే పాటలు పాడుతుంటాయి. ఎల్ఈడీ బల్బులు, మోటార్లు, జేబులో ఫోన్లు కూడా ఎంతో కొంత రొద చేస్తాయి. బెంగళూరులో ఈ పని అసాధ్యం. అందుకే జనం పల్చగా ఉండి, గుట్టలు అడ్డం నిలిచే చోటు వెతుక్కుంటూ వచ్చారు.

తిరిగొచ్చేటప్పుడు ఆటోలో పెద్దాయనకు ఇదంతా చెప్పాను. శ్రద్ధగా విని అడిగాడు: "మరి వాళ్లకు పడిందా?"

"ఇంకా పడలేదన్నా. కానీ ఎట్లాంటి సిగ్నల్ ఉండదో కొంత తేలింది."

"మాకు నాలుగు బోర్లు పోయినాయప్పా. ఈడ నీళ్లు లేవని తేలింది. దుడ్డు ఎవురిది వాళ్లది?"

"ప్రభుత్వానిది."

"అయితే ఇంకో పాయింట్ చూస్తారులే."

నిజంగానే చూశారు. భూమి కింద పొరలు ఒక్కోచోట ఒక్కోలా ఉంటాయి, వాటివల్ల యాంటెన్నా కొలతలో తేడాలొస్తాయి. అదే నీళ్లయితే ఒకేలా ఉంటాయి. అందుకని 2020లో సారస్ 3ని తెప్ప మీద పెట్టి కర్ణాటకలోని దండిగనహళ్లి చెరువులో, శరావతి జలాల్లో తేలించారు. అమెరికా శాస్త్రవేత్తలు ఆస్ట్రేలియాలో ఎడ్జెస్ అనే పరికరంతో తొలి నక్షత్రాల జాడ దొరికిందని 2018లో ప్రకటించి ప్రపంచాన్ని కుదిపారు కదా, ఆ జాడ ఆకాశానిది కాదని 2022లో మనవాళ్లు 95 శాతానికి పైగా నమ్మకంతో చెప్పగలిగారు. నీళ్ల మీద తేలాల్సిన పనికి అనంతపురం నేల పనికిరాలేదన్నది వేరే చెప్పాలా? ఇది ఇచ్చింది నిశ్శబ్దం ఒక్కటే.

ఆ నిశ్శబ్దం గురించి ఉత్సాహంగా రాసేద్దామనుకున్నాను, దారిలో టీ కొట్టు దగ్గర ఆగేదాకా. కొట్టు వాళ్లమ్మాయి డిగ్రీ చదువుతోంది. స్కాలర్‌షిప్ ఫారం నింపుతుంటే ఓటీపీ రాక మూడుసార్లు టైమ్ అయిపోయిందట. "చెరువు కట్ట ఎక్కితే వస్తాదన్నా. ఎక్కి, చూసి, దిగి వచ్చేసరికి అది పోతాది" అంది. ఆ చెరువులో నీళ్లు లేవు. కట్ట మాత్రం ఓటీపీకి పనికొస్తోంది.

ఆస్ట్రేలియాలో మర్చిసన్ చుట్టూ రేడియో నిశ్శబ్దాన్ని చట్టం పెట్టి కాపాడుతున్నారు. ఇక్కడిది ఎక్కువగా అలా మిగిలిపోయిందంతే. ఆ అమ్మాయికి టవర్ రావాలి, తొందరగా రావాలి. వచ్చాక సారస్ లాంటివి ఇంకో గుట్ట వెతుక్కుంటాయి. ఆ రెండూ ఒకేసారి ఎలా కోరుకోవాలో ఆమె ముందు నిలబడి నాకు తోచలేదు. నా హాట్‌స్పాట్ ఇస్తానన్నాను. నా ఫోన్‌లోనూ గీత లేదు.

హైవే ఎక్కగానే ఫోన్ టింగు టింగుమంటూ మొదలైంది. పదిహేడు మెసేజ్‌లు. అన్నిటికన్నా పాతది అమ్మది, ఒంటిగంటా పదికి పంపింది: "తిన్నావా?" అప్పటికి ఐదున్నర. తిన్నానమ్మా అని టైప్ చేశాను.