పిల్లలకోడి కోసం కొండెక్కాం

కార్తీక సోమవారం ఉపవాసం ఉన్నవాళ్ళు సాయంత్రం చుక్క చూసిగానీ భోంచెయ్యరు కదా! మా అత్తగారు నలభై ఏళ్ళుగా ఈ నియమం తప్పలేదు. కానీ హైదరాబాదులో మా అపార్టుమెంటు మేడెక్కితే ఆకాశం మసిబట్టిన లాంతరు చిమ్నీలా ఉంటుంది. కిందటి కార్తీకంలో ఆవిడ అరగంటసేపు తలెత్తి వెతికి వెతికి, "ఆకాశంలో చుక్కలే లేవో, నా కళ్ళల్లో చూపే లేదో తెలీడంలేదమ్మాయ్" అంటూ దిగొచ్చి, గడియారం చూసుకుని అన్నం తిన్నారు. ఆ మాట నా మనసులో ముల్లులా ఉండిపోయింది.

మార్గశిరంలో ఆవిడ రెండు కళ్ళకీ శుక్లాల ఆపరేషన్ అయింది. పేపరు చదువుతున్నారు, బియ్యంలో రాళ్ళేరుతున్నారు. అయినా చిన్నప్పుడు వాళ్ళ ఊరి అరుగు మీంచి చూసిన పిల్లలకోడి మాత్రం మేడ మీంచి కనబడలేదు. పిల్లలకోడి అంటే కృత్తికలే. "చూపు పూర్తిగా రాలేదేమో" అని దిగులు పెట్టుకున్నారు. ఎంత చెప్పినా వినలేదు.

సంక్రాంతికి మదనపల్లెలో ఉన్న మా ఆడపడుచు ఇంటికి వెళ్ళాం. పండగ హడావిడి తగ్గింది, చొల్లంగి అమావాస్య రెండు రోజుల్లో ఉంది. ఇంజనీరింగ్ చదివే మా ఆడపడుచు కొడుక్కి చుక్కల పిచ్చి. "అత్తా, అమ్మమ్మని హార్స్‌లీ హిల్స్ తీసుకెళ్దాం. చంద్రుడు తెల్లారగట్ల గానీ రాడు" అన్నాడు. సరేనన్నానే గానీ, అక్కడ కూడా కనబడకపోతే ఆవిడ మనసు ఇంకా కుంగిపోతుందేమోనని నాకు లోపల బెదురే.

మదనపల్లె నుంచి దాదాపు ముప్ఫై కిలోమీటర్లు. నాలుగువేల అడుగులకు పైగా ఎత్తు. కడప కలెక్టరుగా చేసిన హార్స్‌లీ దొర వేసవి విడిదిగా ఇక్కడ ఇల్లు కట్టుకోవడంతో ఆ పేరొచ్చింది. ఊరివాళ్ళకి మాత్రం ఇది ఏనుగు మల్లమ్మ కొండ. ఏనుగులు పెంచిన మల్లమ్మ అనే పిల్ల కథ చెప్తారు. ఘాట్ రోడ్డు మలుపులు తిరుగుతూంటే యూకలిప్టస్ వాసన, ఒళ్ళు జివ్వుమనే చలి. గాలిబండ మీద కాసేపు కూర్చున్నాం. పేరుకు తగ్గట్టే కొంగు నిలవనివ్వని గాలి!

రాత్రి గెస్ట్‌హౌస్ వాచ్‌మన్‌ని బతిమాలి వసారా లైటు ఆర్పించాం. ముంగిట్లో చాప పరిచి, అత్తయ్యగారికి శాలువా కప్పి పడుకోబెట్టాం. టార్చిలైటుకి పండగలో చిరిగిన ఎర్ర గాలిపటం కాగితం చుట్టాడు మావాడు. తెల్ల వెలుతురు కళ్ళలో పడితే చీకటికి అలవాటుపడ్డ చూపు చెడుతుందట. అలవాటు పడ్డానికి ఇరవై, ముప్ఫై నిమిషాలు పడుతుంది. పులిహోర, అరిసెలు తింటూ ఆ అరగంటా గడిపాం. అత్తయ్యగారు మాత్రం ఒక్క ముద్దా ముట్టలేదు.

ఎనిమిదిన్నర అవుతుండగా ఉన్నట్టుండి చెయ్యి పైకెత్తారు. "అదుగో! నడినెత్తిన... పిల్లలకోడి!" అన్నారు. ఒకటి, రెండు అంటూ ఆరు లెక్కపెట్టారు. "చిన్నప్పుడు ఏడు చూసేదాన్ని" అని సందేహపడ్డారు. "మాకూ ఆరే అమ్మమ్మా, చాలామందికి అంతే" అన్నాడు మావాడు. కుమారస్వామికి పాలిచ్చిన తల్లులూ ఆరుగురేగా అని నేనూ అందుకున్నాను. ఆవిడ కళ్ళు తుడుచుకున్నారు. నేను చూడనట్టే ఫ్లాస్కులో కాఫీ వంపాను.

బైనాక్యులర్స్‌తో చూస్తే ఆరు కాస్తా పదులయ్యాయి. నిజానికి అందులో వెయ్యికి పైగా నక్షత్రాలున్నాయిట. ఇలాంటిదాన్నే నక్షత్రగుచ్ఛం అంటారు. దాని వెలుగు మనని చేరడానికి దాదాపు 440 ఏళ్ళు పడుతుంది. అంటే 1591లో చార్మినార్ కట్టిన రోజులకు కాస్త అటూఇటూగా బయల్దేరిన వెలుగు ఆ రాత్రి మా కంట్లో పడిందన్నమాట! కార్తీక పౌర్ణమినాడు చంద్రుడు కృత్తికల దగ్గరుంటాడు కాబట్టే ఆ నెలకి ఆ పేరు. తమాషా ఏమిటంటే, ఆ వెన్నెల్లో కృత్తికలు సరిగా కనబడవు. వాటిని చూడాలంటే అమావాస్య రోజులే మంచివి.

తూర్పున మృగశిర, ఆరుద్ర ఉన్న చోట వరసగా మూడు చుక్కలుంటాయి. వాటి కింద వేలాడే చిన్న చుక్కల్లో ఒకటి పొగమంచు పట్టినట్టుంటుంది. అదొక నీహారిక. వాయువు, ధూళి కలిసిన పెద్ద మబ్బు, చుక్కలు పుట్టే పురిటిగది. దూరం సుమారు 1,350 కాంతి సంవత్సరాలు. వేంగిని తూర్పు చాళుక్యులు ఏలే కాలంలో బయల్దేరిన వెలుగది. పుస్తకాల్లో గులాబీరంగులో ఉంటుందే అనుకుంటారేమో, మన కంటికి బూడిదరంగు పొగలాగే కనబడుతుంది. తూర్పున ఇంకా కిందికి పుష్యమి దగ్గర మరో మసక మచ్చ ఉంది. బైనాక్యులర్స్ పెట్టగానే అది చిన్న చిన్న చుక్కలుగా విడిపోయింది. గెలీలియో 1610లో అచ్చువేసిన పుస్తకంలో ఇక్కడ నలభైకి పైగా చుక్కలు చూశానని రాశాడట.

చివరికి మావాడు వాయవ్యం వైపు తిప్పాడు. ఉత్తరాభాద్ర దాటాక ఆండ్రోమెడా గెలాక్సీ. తిన్నగా చూడొద్దు, కాస్త పక్కకి చూడమన్నాడు. చీకట్లో కంటి నడిమి భాగం కన్నా అంచులే బాగా పనిచేస్తాయట. అత్తయ్యగారు చూసి చూసి, "ఇదేమిట్రా, మళ్ళీ మసకే! ఆపరేషన్‌కి ముందు నా కంటికి అన్నీ ఇట్లాగే ఉండేవి" అని బెదిరిపోయారు.

"అది అందరికీ మసకే అమ్మమ్మా! 25 లక్షల కాంతి సంవత్సరాల దూరం. మన పాలపుంతలాగే వేలకోట్ల నక్షత్రాలు కలిసి అలా మచ్చలా కనబడతాయి. మామూలు కన్ను చూడగలిగేంత దూరంలో దాదాపు చివరిది అదే" అన్నాడు. 18వ శతాబ్దంలో మెసియే అనే ఫ్రెంచాయన తోకచుక్కల కోసం వెతుకుతూ, ఇలాంటి మసక మచ్చలు చూసి పొరబడకుండా, మనం రాళ్ళేరి పక్కన పెట్టినట్టు వీటికి నంబర్లేసి జాబితా రాసుకున్నాడట. ఆండ్రోమెడాది 31, నీహారికది 42, పుష్యమిది 44, కృత్తికలది 45. తోకచుక్కలు పట్టుకున్నవాడు ఆ పక్కన పెట్టిన రాళ్ళతోనే పేరు తెచ్చుకున్నాడు!

"అయితే నా కళ్ళు మంచివేనన్నమాట" అన్నారు అత్తయ్యగారు. అప్పుడు పులిహోర అడిగి తిన్నారు.

మీరూ వెళ్ళాలనుకుంటే పుష్య, మాఘ మాసాల్లో అమావాస్యకి అటూఇటూ వెళ్ళండి. పెద్దవాళ్ళకి మెడ నొప్పెట్టకుండా చాప, తలగడ, మంకీక్యాప్ మరవకండి. టెలిస్కోపే అక్కర్లేదు, మామూలు బైనాక్యులర్స్ చాలు.

హైదరాబాదు రాగానే మా అపార్టుమెంటు వాళ్ళతో మాట్లాడి రాత్రి ఎనిమిది నుంచి తొమ్మిది దాకా మేడమీది పెద్ద లైటు ఆర్పించాను. పాలపుంత ఎలాగూ రాదు. కానీ పిల్లలకోడి చిన్న మచ్చలా కనబడింది. వచ్చే కార్తీకంలో అత్తయ్యగారు గడియారం చూసి తినక్కర్లేదు.